మాయా డెరెన్ సినిమాలు మనోళ్ళకి వేస్తే ముందు ఏది వేయాలి?

అరండల్‌పేట_ఆరోలైన్
అందరికీ నమస్తే అండి. గుంటూరులో మేం కొంతమందిమి కలిసి ఒక మేడమీద గదిలో నెలకోసారి సినిమాలు వేసుకుంటాం, ఎక్కువగా పాత తెలుగువే, ఈసారి నేను పట్టుబట్టి మాయా డెరెన్ అన్నాను, సరే నువ్వే చూసుకో అని నా నెత్తిన పెట్టారు. తెలియనివాళ్ళ కోసం రెండు ముక్కలు. అమెరికాలో మాటల్లేని చిన్న ప్రయోగాల సినిమాలు తీసిన డైరెక్టర్ ఈవిడ. 1917లో కీవ్‌లో పుట్టింది, అసలు పేరు ఎలియనోరా డెరెన్‌కోవ్‌స్కీ, యూదుల మీద దాడులు తట్టుకోలేక 1922లో ఇంటిల్లిపాదీ అమెరికా వెళ్ళిపోయారు, అక్కడ ఇంటిపేరు సగం కత్తిరించి డెరెన్ చేసుకున్నారు, 1943లో ఆవిడ ఎలియనోరాని కూడా వదిలేసి మాయా అయింది. అదే ఏడాది నాన్న పోయాక వచ్చిన డబ్బుతో సెకండ్‌హ్యాండ్ 16 ఎంఎం బోలెక్స్ కెమెరా కొని, భర్త అలెగ్జాండర్ హామిడ్‌తో కలిసి వాళ్ళుంటున్న ఇంట్లోనే ‘మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్’ తీసింది. 14 నిమిషాలు, డైలాగ్ లేదు. ఒకావిడ మధ్యాహ్నం కుర్చీలో కునుకు తీస్తుంది, ఆ కలలో ఆవిడే మళ్ళీ అదే ఇంటికి వస్తుంది, మళ్ళీ వస్తుంది, చివరికి ఒకే టేబుల్ చుట్టూ ముగ్గురు ఆవిడలే కూర్చుంటారు.
మా భయం ఏంటంటే పోయినసారి పాటల్లేని సినిమా వేస్తే ఇంటర్వెల్ దాకా కూడా ఆగకుండా సగంమంది టీకి దిగిపోయారు, తిరిగి ఎక్కలేదు. అందుకని ఏది ముందు వేయాలి, ఏ వరసలో వేయాలి, ముందుగా ఏమైనా చెప్పాలా వద్దా. సలహాలు కావాలి.

గాంధీనగర్_గేటుకీపర్
ముందు ఏమీ చెప్పొద్దు. చెప్పారంటే అందరూ అర్థం కోసం వెతకడం మొదలెడతారు, ఇక సినిమా చూడరు.

కొత్తపేట_పిన్ని
నేను ఆ మెషెస్ చూశాను మా అబ్బాయి పెడితే. తాళంచెవి నోట్లోంచి తీస్తుంది, అది కాస్తా కత్తి అయిపోతుంది, నల్ల ముసుగేసుకుని ఎవరో నడుస్తుంటారు, తిరిగి చూస్తే మొహం ఉండాల్సిన చోట అద్దం. చివర్లో ఆవిడ చచ్చిపోయిందా నిద్రపోయిందా నాకు తెలియలేదు, మావాడిని అడిగితే వాడికీ తెలియదు, కానీ ఆ రోజు రాత్రి మెట్లెక్కుతుంటే మాత్రం కాస్త జంకు వేసింది నిజం చెప్పాలంటే. టీకి ఎవరూ దిగరులే బాబూ, అదే వేయండి.

కట్‌పేస్ట్_కిరణం
ఆరోలైన్ బ్రో నేను విజయవాడలో పెళ్ళిళ్ళ వీడియోలు ఎడిట్ చేస్తా, రోజంతా కట్‌లే నా బతుకు, అందుకని నా ఓటు వేరే. ‘ఎ స్టడీ ఇన్ కొరియోగ్రఫీ ఫర్ కెమెరా’, 1945. రెండుమూడు నిమిషాలే, చాయ్ చల్లారేలోపు అయిపోద్ది. ట్యాలీ బీటీ అనే డాన్సర్ అడవిలో కాలు ఎత్తుతాడు, ఆ కాలు దించేది ఒక ఇంటి గదిలో, అక్కణ్ణుంచి తిరిగితే మ్యూజియం హాల్లో ఉంటాడు. అడుగు ఒకటే, చోట్లు వేరు. ఇది చూసినవాడికి మెషెస్‌లో ఆవిడ కత్తి పట్టుకుని టేబుల్ దగ్గర్నుంచి లేచి నిద్రపోతున్న తనవైపు తానే వెళ్ళే చోట ఏం జరుగుతోందో టక్కున పట్టుబడుద్ది, ఒక అడుగు ఇసకలో, ఒకటి గడ్డిలో, ఒకటి సిమెంటు బాట మీద, ఆఖరిది గదిలో తివాచీ మీద. ఉన్న దూరం నాలుగు అడుగులే కానీ తనని తాను చంపుకోడానికి ప్రపంచం అంతా దాటి వెళ్ళాల్సొచ్చినట్టు ఉంటది. దాని కోసం సెట్టు లేదు గ్రాఫిక్స్ లేదు, కాలు గాల్లో ఉన్నప్పుడు కట్ చేసి, కాలు కిందపడేప్పుడు ఇంకో చోట కలిపింది, అంతే.

అరండల్‌పేట_ఆరోలైన్
ఆ ముగ్గురూ టేబుల్ దగ్గర కూర్చున్నది ఎలా తీశారు కిరణ్ అన్నా? ఆ రోజుల్లో కంప్యూటర్ లేదుగా.

కట్‌పేస్ట్_కిరణం
మన ద్విపాత్రాభినయం ఎలా తీసేవాళ్ళో అలాగే. లెన్సు ముందు కొంత భాగం మూసేసి ఒకసారి తీస్తారు, ఫిల్మ్ వెనక్కి తిప్పి మూసిన భాగం తెరిచి, తీసిన భాగం మూసి మళ్ళీ తీస్తారు. బోలెక్స్‌లో ఫిల్మ్ వెనక్కి తిప్పుకోవచ్చు, అదే దాని సుఖం. కెమెరా వెంట్రుకవాసి కదిలినా అతుకు కనపడిపోద్ది. ఇప్పుడు ఫోన్లో చేయాలంటే స్టాండు, ఎక్స్‌పోజర్ లాక్, ఫోకస్ లాక్, ఈ మూడూ చాలు, నీడలు మాత్రం ఒకదాని మీద ఒకటి పడకుండా చూస్కోవాలి.

మొగల్రాజపురం_మెట్లు
ద్విపాత్ర అంటే గుర్తొచ్చింది, రాముడు భీముడు 1964, దాన వీర శూర కర్ణలో అయితే కర్ణుడూ దుర్యోధనుడూ కృష్ణుడూ ముగ్గురూ ఎన్టీఆరే, 1977. మనోళ్ళకి ఒకే మొహం మూడుసార్లు కనపడితే భయం వేయదు బాసూ, ఈల వేస్తారు 😀

గాంధీనగర్_గేటుకీపర్
మెట్లు గారూ ఈల సంగతి నిజమే గానీ అక్కడొక తేడా ఉందండి. మన ద్విపాత్రలో ఇద్దరు వేరు మనుషులు, నటుడు ఒకడు. ఎవరు రాముడో ఎవరు భీముడో ప్రేక్షకుడికి ఎప్పుడూ తెలుసు, తెలియనిది పక్కనున్న పాత్రలకే, నవ్వంతా అందులోనే ఉంది. మాయా డెరెన్ సినిమాలో ఆ ముగ్గురిలో అసలావిడ ఎవరో మనకీ తెలియదు వాళ్ళకీ తెలియదు. వంతులేసుకుని టేబుల్ మీది తాళంచెవి తీసుకుంటారు, ఇద్దరి చేతుల్లో తాళంచెవిగానే ఉంటుంది, మూడో ఆవిడ చేతిలో కత్తి అవుతుంది. ఈల వేయడానికి ఎవరి వైపు ఉండాలో తేలాలి కదా ముందు.
నేను ఈ విజయవాడ గాంధీనగర్‌లో డిస్ట్రిబ్యూటర్ల ఆఫీసుల్లో చాలా ఏళ్ళు పనిచేశాను, ఫిల్మ్ డబ్బాలు మోశాను, అందుకని నాకు ఆవిడలో నచ్చిన సంగతి ఇంకోటి ఉంది. సినిమా తీసి ఎవడో వచ్చి కొంటాడని కూర్చోలేదు. 1946 ఫిబ్రవరిలో న్యూయార్క్‌లో ప్రావిన్స్‌టౌన్ ప్లేహౌస్ అనే నాటకాల హాలు తనే అద్దెకి తీసుకుని తన సినిమాలు మూడు తనే వేసుకుంది. జనం విరగబడ్డారు. ఆ ఆట చూసినవాళ్ళలో ఏమోస్ వోగెల్ అనే ఆయన ఉన్నాడు, అది చూసే మనమూ ఇలా వేయొచ్చుగా అనుకుని మరుసటి ఏడాది సినిమా 16 అనే ఫిల్మ్ సొసైటీ పెట్టాడు. అదే 1946లో ఆవిడకి గుగ్గెన్‌హైమ్ ఫెలోషిప్ వచ్చింది, 1947లో కాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో మెషెస్‌కి బహుమతి వచ్చింది. తీసేదీ తనే, నటించేదీ తనే, డబ్బా మోసేదీ తనే, కాలేజీలకి ఉత్తరాలు రాసేదీ తనే. మన దగ్గర ఒక చిన్న సినిమా తీసి రిలీజ్ కాలేదని పదేళ్ళు ఏడ్చేవాళ్ళని చూశాను.

లంకల్లో_లాంచీ
క్షమించాలి పెద్దలూ, నాకు ఈ ఐడెంటిటీ, తనని తాను మార్చుకోడం అనే మాటలు వింటేనే ఒళ్ళు మంట. పేరు మార్చుకుంటే మనిషి మారిపోతాడా? మా వీధిలో న్యూమరాలజీ చూసి పేరులో ఒక అక్షరం కలుపుకున్నవాళ్ళు బోలెడుమంది, ఎవడూ మారలా. 1943లో డబ్బున్న అమ్మాయి ఇంట్లో కూర్చుని అద్దంలో చూసుకుంటూ తీసింది, దానికి మనం గుంటూరులో మేడమీద కూర్చుని తల గోక్కోవాలా?

తెనాలి_తార
డబ్బున్న అమ్మాయి కాదు అన్నయ్యా. కాథరిన్ డన్‌హమ్ అనే నల్లజాతి డాన్సర్ ట్రూపులో సెక్రటరీగా పనిచేస్తూ ఊళ్ళు తిరిగింది సినిమాలకి ముందు. మెషెస్‌కి అయిన ఖర్చు కొన్ని వందల డాలర్లు, అంతే. అద్దంలో తనని తాను చూసుకోడం అంటావా, ఆ అద్దం వేరేవాళ్ళ మొహానికి ఉంది సినిమాలో, పైగా చివర్లో పగిలిపోతుంది. చూసి తిట్టు, చూడకుండా తిట్టకు.
ఇక ఆరోలైన్ అడిగినదానికి నా జవాబు, ముందు ఏది వేసినా ఆఖర్న మాత్రం ‘రిచువల్ ఇన్ ట్రాన్స్‌ఫిగర్డ్ టైమ్’ వేయాలి, 1946. ఎందుకో చెప్తా, కొంచెం పెద్దది అవుతుంది, ఓపిక పట్టండి. మెషెస్‌లో ఒకావిడే చాలామంది అవుతుంది కదా, ఇందులో ఇద్దరు ఒక్కటవుతారు. మొదట్లో మాయా డెరెన్ గదిలో కూర్చుని చేతులకి ఊలు చుట్టుకుని పట్టుకుంటుంది, ఎదురుగా రీటా క్రిస్టియానీ అనే నల్లజాతి డాన్సర్ దాన్ని ఉండ చుడుతూ ఉంటుంది, ఎక్కడినుంచో గాలి వీస్తున్నట్టు మాయా జుట్టూ ఊలూ ఎగురుతుంటాయి, స్లోమోషన్‌లో, ఆవిడ ఏదో మాట్లాడుతూ నవ్వుతూ ఉంటుంది, మనకి వినపడదు, ఊలు అయిపోయేసరికి కుర్చీలో ఎవరూ ఉండరు. తర్వాత పార్టీ, జనం ఒకరినొకరు పలకరించుకుంటూ చేతులు చాస్తారు, ఆ మనుషుల అదే పలకరింపు మళ్ళీ మళ్ళీ కనపడేసరికి అది డాన్స్ అయిపోతుంది. ఎవరూ డాన్స్ చేయట్లేదు గమనించండి, ఎడిటింగ్ చేస్తోంది. ఆఖర్న ఒక మగాడు తరుముతుంటే రీటా పరుగెడుతుంది, పరుగెడుతున్నది ఒక షాట్‌లో రీటా, ఇంకో షాట్‌లో మాయా, ఆగకుండా నీళ్ళలోకి వెళ్ళిపోతుంది, నీళ్ళలో మునుగుతుండగా ఫిల్మ్ నెగటివ్‌కి మారుతుంది, అంటే నలుపు తెలుపు అవుతుంది, తెలుపు నలుపు అవుతుంది. అంతదాకా వితంతువులా నల్లబట్టల్లో ఉన్న మనిషి తెల్లటి ముసుగుతో పెళ్ళికూతురు అయిపోతుంది. బట్టలు మార్చలేదు, మేకప్ మార్చలేదు. ప్రింట్ తిరగేసింది.

కొత్తపేట_పిన్ని
ఆగు తారా ఆగు. తెల్లబట్టల్లో పెళ్ళికూతురు అయిందని వాళ్ళకి తెలుస్తుంది, మనకెట్లా తెలుస్తుందే? మా అమ్మమ్మ ముప్పై దాటకుండానే తెల్లచీర కట్టింది, పోయేదాకా అదే చీర. ఆ గదిలోకి నాలాంటిది ఒకతి వచ్చి కూర్చుంటే ఆఖర్న నల్లది పోయి తెల్లది వచ్చేసరికి అయ్యో పాపం ఇప్పుడు మొగుడు పోయాడు కాబోలు అనుకుంటుంది.

కట్‌పేస్ట్_కిరణం
పిన్నీ 🙏🙏 ఈ థ్రెడ్ మొత్తానికి ఇదే పాయింటు

అరండల్‌పేట_ఆరోలైన్
వామ్మో నాకు తట్టనే లేదు ఇది. అయితే ముందు ఒక మాట చెప్పి వేయాలా?

మొగల్రాజపురం_మెట్లు
అంత తేలిగ్గా లేదు. మనకి తెలుపు అంటే వైధవ్యం ఒకటేనా? మధుపర్కాలు తెల్లవే కదా. జీలకర్ర బెల్లం పెట్టాక, తలంబ్రాల ముందు కట్టేది తెల్లచీరే, ఎర్రంచు. అంటే మన దగ్గర పెళ్ళికూతురికీ విధవకీ మధ్య తేడా ఆ అంచు ఒక్కటే. పిన్నిగారి అమ్మమ్మ చీరకి అంచు ఉండదు, పెళ్ళికూతురి చీరకి ఉంటుంది. నిజానికి ఇది ఆ అమెరికా సినిమాకన్నా భయంకరంగా ఉంది ఆలోచిస్తే.

తెనాలి_తార
ఇప్పుడు రాత్రంతా నాకు నిద్ర పట్టదు, థాంక్స్.

గాంధీనగర్_గేటుకీపర్
బాగా చెప్పారు మెట్లు గారు. ఇంకా ఒక సంగతి. వేషం మార్చి మనిషిని మార్చడం మన కృష్ణా గుంటూరు వైపు వాళ్ళకి కొత్త కాదు. కూచిపూడివాళ్ళ పగటివేషాల్లో అర్ధనారీశ్వర వేషం ఉంటుంది, ఒకే మనిషి ఒంటికి ఒకవైపు శివుడి వేషం, ఒకవైపు పార్వతి వేషం, మధ్యలో గుడ్డ అడ్డం పెట్టుకుని ఒకసారి ఇటు ఒకసారి అటు చూపిస్తాడు. గుడ్డ ఇటునుంచి అటు మారేలోపే గొంతూ చూపూ నడుమూ అన్నీ మారాలి. బాపట్ల స్థానం నరసింహారావు గారైతే సత్యభామగా రంగం మీదికి వస్తే ఆడవాళ్ళు ఆయన చీరకట్టు చూసి నేర్చుకునేవాళ్ళని మా నాన్న చెప్పేవాడు. 1956లో పద్మశ్రీ ఇచ్చారు ఆయనకి. ఇక అలాంటి ఆడవేషమే ఎన్టీఆర్‌కి ఇస్తే? విజయవాడ ఎస్సారార్ కాలేజీలో విశ్వనాథ సత్యనారాయణ గారు నాటకంలో నాగమ్మ వేషం వేయమంటే మీసం తీయనని మొండికేసి మీసాలతోనే వేశాడు, మీసాల నాగమ్మ అని పేరు పడిపోయింది.

లంకల్లో_లాంచీ
😂😂 మీసాల నాగమ్మే నా హీరో. మారను పొమ్మన్నాడు చూడండి అదీ ఐడెంటిటీ

తెనాలి_తార
గేటుకీపర్ గారూ మీమీద గౌరవంతోనే అంటున్నా, మనకి ప్రతిదానికీ ఇదెప్పుడో మన దగ్గర ఉందిలే అనే అలవాటు ఒకటి ఉంది, అది నాకు నచ్చదు. స్థానం వారు మారింది సాధనతో, గంటల తరబడి మేకప్‌తో, ఒంటిని వంచుకుని. చూసేవాళ్ళకి లోపల ఉన్నది నరసింహారావు అని తెలుసు, తెలుసు కాబట్టే ఆ మెచ్చుకోలు. అర్ధనారీశ్వరుడు కూడా అంతే, గుడ్డ మనకి కనపడుతూనే ఉంది. మాయా సినిమాలో మాయా ఏమీ చేయదు. నిలబడుతుంది, నడుస్తుంది. మార్పు ఒక షాట్‌కీ ఇంకో షాట్‌కీ మధ్య అతుకులో జరుగుతుంది, ఆ అతుకులో ఎవరూ లేరు. 1944లో తీసిన ‘ఎట్ ల్యాండ్’ చూడండి, సముద్రం ఆవిణ్ణి ఒడ్డున పడేసి అలలు వెనక్కి వెళ్ళిపోతుంటాయి, అంటే ఫిల్మ్ తిరగేసి వేసింది, ఆవిడ ఒక మోడు పట్టుకుని పైకి పాకుతుంది, తల పైకెత్తేసరికి అది పెద్ద విందు బల్ల, మనుషులు కూర్చుని మాట్లాడుకుంటున్నారు, బల్ల మీద పాక్కుంటూ పోతున్నా ఒక్కడూ ఆవిణ్ణి చూడడు. ఆవిడ మారలేదు చుట్టూ ఉన్నది మారింది, అయినా మనకి ఆవిడ వేరే మనిషిలా కనపడుతుంది. పెళ్ళయి అత్తారింట్లో మొదటి భోజనం దగ్గర నేను సరిగ్గా అలాగే ఉన్నా.

కొత్తపేట_పిన్ని
అందరం అలాగే ఉన్నాం తల్లీ.

గాంధీనగర్_గేటుకీపర్
ఒప్పుకుంటాను అమ్మా, అతుకు సంగతి ఒప్పుకుంటాను. కానీ పూనకం సంగతి వదలను. ఫెలోషిప్ డబ్బుతో ఆవిడ హైతీ వెళ్ళింది 1947లో, అక్కడ వోడూ పూజల్లో డాన్సులు తీద్దామని. అక్కడ దేవుడు మనిషి మీదికి వస్తే ఆ మనిషిని గుర్రం అంటారు, దేవుడు ఎక్కి స్వారీ చేస్తాడన్నమాట, దిగాక ఆ మనిషికి ఏమీ గుర్తుండదు. పెనుగంచిప్రోలు తిరుపతమ్మ తిరనాళ్ళకి వెళ్ళినవాళ్ళెవరికైనా ఇది చెప్పనక్కర్లేదు. ఆవిడ వేల అడుగుల ఫిల్మ్ తీసింది, ఆ సినిమా మాత్రం బతికుండగా పూర్తి చేయలేదు. బదులుగా ‘డివైన్ హార్స్‌మెన్’ అని 1953లో పుస్తకం రాసింది. నేను కళాకారిణిగా వెళ్ళాను, అక్కడున్నదాన్ని నాకు కావాల్సినట్టు మలుచుకుందామనుకున్నాను, అది లొంగలేదు, చివరికి ఉన్నదున్నట్టు రాసుకోవాల్సొచ్చింది అన్న అర్థంలో ముందుమాటలో చెప్పుకుంది. ఆఖరి అధ్యాయంలో తనకే పూనకం వచ్చిన సంగతి కూడా రాసింది. అతుకులతో మనిషిని మార్చిన ఆవిడకి అతుకే లేకుండా మారడం ఎదురైతే కెమెరా దానికి సరిపోలేదు. 1961లో 44 ఏళ్ళకే పోయింది, ఆ రీళ్ళు అలాగే ఉండిపోయాయి, తర్వాతెప్పుడో మూడో భర్త టీజీ ఇతో వాళ్ళు కలిపి సినిమాగా చేశారు.

లంకల్లో_లాంచీ
సరే ఇది మాత్రం ఒప్పుకోవాల్సిందే. తీసి కూడా వదిలేసింది అంటే ఏదో ఉంది. మెషెస్ చూస్తా ఇవాళ. నచ్చకపోతే ఇక్కడికే వచ్చి తిడతా.

అరండల్‌పేట_ఆరోలైన్
టీజీ ఇతో అంటే గుర్తొచ్చింది, మెషెస్‌కి ఆయన మ్యూజిక్ ఉంది కదా, డప్పులూ వేణువులా ఉంటది. అది వేయాలా తీసేయాలా?

కట్‌పేస్ట్_కిరణం
అది 1959లో తర్వాత కలిపింది, మొదట సైలెంటే. రెండూ బాగుంటాయి కానీ మీ మేడమీద సైలెంట్‌గా వేశారనుకో కింద రోడ్డు మీద హారన్లే మ్యూజిక్. మ్యూజిక్‌తో మెషెస్, మిగతావి సైలెంట్‌గా, ఫ్యాన్లు ఆపేసి. వరస నా లెక్కలో కొరియోగ్రఫీ, మెషెస్, ఎట్ ల్యాండ్, రిచువల్. అన్నీ కలిపినా గంటలోపే.

మొగల్రాజపురం_మెట్లు
ఫ్యాన్లు ఆపేసి గుంటూరులోనా? టీకి కాదు ఆస్పత్రికి దిగుతారు.

గాంధీనగర్_గేటుకీపర్
ఇంకో మాట, ఎవరైనా కథ ఏంటండీ అని అడిగితే కంగారు పడొద్దు. 1953లో సినిమా 16 వాళ్ళ సభలో ఆవిడ ఇదే చెప్తే డైలన్ థామస్ అంత కవి కూడా వెటకారం చేశాడు. ఆవిడ చెప్పింది ఏంటంటే మామూలు నాటకం అడ్డంగా నడుస్తుంది, ఒక సంఘటన మీద ఇంకోటి, కవిత్వం నిలువుగా దిగుతుంది, ఉన్న చోటే ఆగి లోతుకి పోతుంది. మనోళ్ళకి ఇది అర్థం కాదని మాత్రం నాతో అనకండి. పౌరాణిక నాటకంలో కథ ఆపేసి పద్యం ఎత్తుకుని రాగం తీస్తుంటే వన్స్‌మోర్ కొట్టి మళ్ళీ పాడించుకునేవాళ్ళం. యుద్ధం ఆగిపోయింది, కృష్ణుడు నిలబడిపోయాడు, ఎవడికీ తొందర లేదు.

తెనాలి_తార
దీనికి నేను ఎదురు చెప్పను గేటుకీపర్ గారూ, ఇది బాగుంది.

కట్‌పేస్ట్_కిరణం
ఫ్రెండ్స్ ఒక అప్‌డేట్. పిన్ని గారి మాటా మెట్లు గారి మాటా బుర్రలో తిరుగుతుంటే ఆగలేక మా అమ్మ మధుపర్కం చీర పెట్టెలోంచి తీసి బాల్కనీలో తాడు మీద వేసి ఫోన్‌తో తీశా. ముందు బ్లాక్ అండ్ వైట్ చేశా, ఎర్రంచు ముదురు బూడిద రంగైంది. తర్వాత నెగటివ్ చేశా. చీరంతా నల్లగా అయిపోయి అంచు మాత్రం లేత రంగులో వెలుగుతోంది, గాలికి కదులుతుంటే చీర కనపడట్లా, గాల్లో అంచు ఒక్కటే పోతున్నట్టుంది. మడతల్లో ఎక్కడో పసుపు మరక ఉంది, అది కూడా తేలింది. మా అమ్మ వెనకనుంచి చూసి ఇదేంట్రా నా పెళ్ళిచీరకి ఈ గతి పట్టించావు అని తిట్టి, మళ్ళీ ఇంకోసారి చూపించు అంది.

మొగల్రాజపురం_మెట్లు
సినిమా తీయండి ఇది. ఒక్క నిమిషం చాలు. మనిషి కూడా వద్దు.

తెనాలి_తార
మనిషి కావాలి. ముందు అంచు లేని చీరలో, నీళ్ళలోకి, తర్వాత అంచున్న చీరలో. తిరగేయడం ఒకసారి కాదు రెండుసార్లు జరగాలి, అప్పుడు ఏది పెళ్ళో ఏది కాదో చూసేవాళ్ళకి తేలకూడదు. కృష్ణలో తీయొచ్చు ఎండాకాలం, నీళ్ళు మోకాలి దాకానే ఉండే చోట.

అరండల్‌పేట_ఆరోలైన్
అయితే రిచువల్ అయ్యాక ఇది వేద్దాం, తీస్తే. ముందు చెప్పడాలు ఏమీ ఉండవు, పిన్ని గారూ మీరు మాత్రం వచ్చి ముందు వరసలో కూర్చోవాలి, లైట్లు వేశాక మొదటి మాట మీదే. కిరణ్ అన్నా ప్రొజెక్టర్ నీ దగ్గరే ఉందిగా, ఆ రోజు పెళ్ళి ఆర్డర్ ఒప్పుకోకు దయచేసి.

కట్‌పేస్ట్_కిరణం
ముహూర్తాలు చూసి చెప్తా.

కొత్తపేట_పిన్ని
వస్తాలే. అంచు లేని తెల్లచీర అమ్మమ్మది ఒకటి ఉంది మా దగ్గర, పలచబడిపోయింది, జాగ్రత్తగా పట్టుకోవాలి. నీళ్ళలో ముంచుతామంటే మాత్రం ఇవ్వను, దానికి వేరేది కొనుక్కోండి.